ఒక అసమాపక క్రియలో విడిపోయిన దేశం: నార్వే, 1905

1905 జూన్ 7న క్రిస్టియానియాలో, అంటే ఇప్పటి ఓస్లోలో, నార్వే పార్లమెంటు ఒక తీర్మానాన్ని ఏకగ్రీవంగా ఆమోదించింది. తీర్మానం మొత్తం ఒకే వాక్యం. బిగ్గరగా చదివితే మధ్యలో రెండుసార్లు ఊపిరి పీల్చుకోవాల్సి వస్తుంది. దాని సారాంశాన్ని తెలుగులో పెడితే ఇలా ఉంటుంది:

మంత్రులందరూ పదవులు వదులుకున్నందున, కొత్త ప్రభుత్వాన్ని ఏర్పాటు చేయలేనని రాజుగారే చెప్పినందున, దాంతో రాజ్యాంగబద్ధమైన రాజాధికారం నిలిచిపోయినందున, ఈ రోజు దిగిపోయిన మంత్రులే తదుపరి నిర్ణయం వరకు నార్వే ప్రభుత్వంగా రాజు అధికారాలను నిర్వహించడానికి పార్లమెంటు అధికారమిస్తోంది. రాజు నార్వే రాజుగా పనిచేయడం మానినందువల్ల, ఒకే రాజు కింద స్వీడన్‌తో ఉన్న యూనియన్ రద్దయిపోయినందువల్ల అవసరమయ్యే మార్పులతో.

ఈ వాక్యం చెబుతున్న పని ఏమిటి? దిగిపోయిన మంత్రులను కొనసాగమనడం. అంతకుమించి ఏమీ లేదు. 91 ఏళ్ల యూనియన్ ముగింపు, ఒక దేశపు స్వాతంత్ర్యం వాక్యం చివర ఒక ‘రద్దయిపోయినందువల్ల’లో వచ్చి వెళ్లిపోయాయి. నార్వేజియన్ మూలంలోనూ ఇది ఉపవాక్యమే, ప్రధాన వాక్యం కాదు. బడిలో సంక్లిష్ట వాక్యం పాఠం గుర్తుందా? ‘అన్నం తిని బడికి వెళ్లాడు’ అన్నప్పుడు బడికి వెళ్లాడా లేదా అని వాదించుకోవచ్చు గానీ, తిన్న సంగతి మీద ఎవరూ వాదన పెట్టుకోరు. అసమాపక క్రియ చెప్పే సంగతి అప్పటికే జరిగిపోయినట్టు మనసుకు తోస్తుంది. యూనియన్‌ను రద్దు చేస్తున్నామని నార్వే ఎక్కడా అనలేదు. అది రద్దయిపోయింది గనుక మిగతా పని చూసుకుందాం అన్నది.

1905లో నార్వేలో జరిగినవన్నీ ఈ వాక్యానికి ముందో వెనకో వస్తాయి. వాటిలోకి దిగేముందు, నార్వే, స్వీడన్ కలిసి ఉన్నది ఎలాగో చూడాలి.

నాలుగు శతాబ్దాలకు పైగా డెన్మార్క్ రాజుల కింద ఉన్న నార్వేను, నెపోలియన్ యుద్ధాలలో ఓడిన డెన్మార్క్ 1814 జనవరిలో కీల్ సంధి ద్వారా స్వీడన్ రాజుకు అప్పగించింది. తమను అడగకుండా తమను ఇచ్చేయడమేమిటని నార్వే పెద్దలు ఎయిడ్స్‌వోల్‌లో సమావేశమై, మే 17న సొంత రాజ్యాంగం రాసుకుని, సొంత రాజును ఎన్నుకున్నారు. ఆ వేసవిలోనే స్వీడన్ సైన్యం వచ్చింది. యుద్ధం కొద్ది వారాలే సాగింది. ఆగస్టులో మోస్ పట్టణంలో రాజీ కుదిరింది: నార్వే తన రాజ్యాంగాన్ని ఉంచుకుంటుంది, స్వీడన్ రాజును తన రాజుగా ఒప్పుకుంటుంది. అందువల్ల నార్వే స్వీడన్‌లో ఒక రాష్ట్రం కాలేదు. పార్లమెంటు, మంత్రివర్గం, చట్టాలు, సైన్యం అన్నీ వేరు. ఉమ్మడిగా ఉన్నవి రెండే: రాజు, విదేశీ వ్యవహారాలు. విదేశాంగ మంత్రి మాత్రం స్వీడన్ మనిషే. చిక్కంతా అక్కడే.

ఉమ్మడి కుటుంబాలు తరచూ పెద్ద ఆస్తి దగ్గర కాక పెరట్లో చిన్న గోడ దగ్గర చీలుతుంటాయి. ఇక్కడ ఆ గోడ పేరు కాన్సుల్. కాన్సుల్ రాయబారి లాంటివాడు కాదు. రాయబారి రాజులతో మాట్లాడతాడు, కాన్సుల్ రేవులో పనిచేస్తాడు. పరదేశపు రేవులో నావికుడు జబ్బుపడితే ఆసుపత్రిలో చేర్పించేది, చనిపోతే అతని పెట్టెను ఇంటికి చేర్చేది, కెప్టెన్‌కూ సరుకు యజమానికీ తగాదా వస్తే కాగితాలు తయారుచేసేది ఆయనే. అప్పటి నార్వే వాణిజ్య నౌకాదళం ప్రపంచంలోనే పెద్దవాటిలో ఒకటి. ఇరవై మూడు లక్షల జనాభా ఉన్న దేశానికి అది చిన్న విషయం కాదు. 1880ల చివరికి స్వీడన్ దిగుమతి సుంకాలు పెంచి తన పొలాలకు, ఫ్యాక్టరీలకు రక్షణ వెతుక్కుంటుంటే, సముద్రం మీద బతికే నార్వే రేవులన్నీ తెరిచి ఉండాలని కోరుకుంది. ఒకరి అవసరం ఇంకొకరికి నష్టం. అలాంటప్పుడు ఒకే కాన్సుల్ ఇద్దరి తరఫున ఎలా మాట్లాడతాడు?

ఈ గొడవకు జెండా కూడా తోడైంది. రెండు దేశాల జెండాల పైమూలన రెండింటి రంగులు కలిపిన యూనియన్ గుర్తు ఉండేది: ఎరుపు, నీలం, పసుపు, తెలుపు ముక్కలు. జనం దానికి పెట్టిన పేరు ‘సిల్దెసలాట్’, అంటే తరిగిన హెర్రింగ్ చేప, బీట్‌రూట్, ఆపిల్ ముక్కలు కలగలిపిన సలాడ్. తమ జెండా మీద తిండి పళ్లెం పెట్టినట్టుందని ఒక జాతి అనుకోవడం మొదలుపెట్టిందంటే, ఆ బంధానికి ఎంతో ఆయుష్షు లేదన్నమాట. 1898లో నార్వే పార్లమెంటు వాణిజ్య నౌకల జెండా నుంచి ఆ గుర్తును తీసేసింది. యుద్ధనౌకల మీద మాత్రం అది మిగిలింది.

కాన్సుళ్ల కోసం ప్రయత్నించడం 1905లో మొదటిసారి కాదు. 1892లోనే సొంత కాన్సుళ్లు కావాలని పార్లమెంటు తీర్మానిస్తే రాజు ఒప్పుకోలేదు. 1895లో స్వీడన్ బలప్రయోగానికి సిద్ధమనేసరికి, యుద్ధానికి సిద్ధంగా లేని నార్వే తల వంచి చర్చలకు ఒప్పుకుంది. 1905ను అర్థం చేసుకోవడానికి ఈ అవమానం తెలిసి ఉండాలని నా అభిప్రాయం. ఆ తర్వాతి పదేళ్లలో నార్వే బ్రిటన్ నుంచి నాలుగు కవచ యుద్ధనౌకలు తెప్పించుకుంది, స్వీడన్ సరిహద్దు పొడవునా కొత్త కోటలు కట్టుకుంది. 1898లో మగవాళ్లందరికీ ఓటు హక్కు ఇచ్చింది. రేపు దేశం తరఫున నిలబడమని అడగాలంటే, ఈ రోజు దేశం వాళ్లదేనని చెప్పాలి కదా.

1902 నుంచి కాన్సుళ్ల మీద మళ్లీ చర్చలు సాగాయి. అంగీకారం కుదిరేలా కనిపించిన సమయంలో, 1904 నవంబరులో స్వీడన్ ప్రధాని ఎరిక్ గుస్తావ్ బూస్ట్రోమ్ కొత్త షరతులు పెట్టారు. నార్వే కాన్సుళ్ల మీద స్వీడన్ విదేశాంగ మంత్రికి పైచేయి ఉండాలన్నది వాటి సారం. నార్వేలో వాటికి ‘సామంత రాజ్యపు షరతులు’ అని పేరు పడింది. 1905 ఫిబ్రవరికి చర్చలు విరిగిపోయాయి. మార్చి 11న క్రిస్టియన్ మికెల్సన్ ప్రధాని అయ్యారు. బెర్గెన్ నగరానికి చెందిన ఓడల యజమాని, లాయరు. సిద్ధాంతాలు వల్లించే మనిషి కాదు. ఎక్కడ ఆగాలో, ఎక్కడ అడుగు వేయాలో తెలిసిన మనిషి.

ఆయన వేసిన ఎత్తు చూడటానికి సులభంగానే ఉంటుంది. పార్లమెంటు నార్వే కాన్సుళ్ల చట్టాన్ని పాస్ చేస్తుంది. రాజు కాదంటాడు. రాజు నిర్ణయం చెల్లాలంటే మంత్రి సంతకం కావాలి. మంత్రి సంతకం పెట్టడు, రాజీనామా చేస్తాడు. రాజు వేరే మంత్రివర్గాన్ని వెతుక్కోవాలి. ఆ కాలపు నార్వేలో అందుకు ఒప్పుకునే మనిషి ఒక్కడూ దొరకడు.

మే 27న స్టాక్‌హోం రాజభవనంలో అక్షరాలా ఇదే జరిగింది. యోర్గన్ లోవ్‌లాన్, ఎడ్వర్డ్ హాగెరుప్ బుల్, హరాల్డ్ బోట్నర్ అనే ముగ్గురు నార్వే మంత్రులు డెబ్బై ఆరేళ్ల రాజు రెండో ఆస్కార్ ముందు నిలబడ్డారు. రాజు చట్టాన్ని తిరస్కరించారు. మంత్రులు సంతకానికి నిరాకరించి రాజీనామాలు ఇచ్చారు. ఇప్పుడు మరో ప్రభుత్వం ఏర్పడే వీలు లేదని తనకు స్పష్టమే గనుక రాజీనామాలను అంగీకరించనని రాజు అన్నారు. దాదాపు ముప్పై మూడేళ్లుగా రెండు దేశాలనూ ఏలిన మనిషి ఆయన. ఆ మాటను బంధం నిలబెట్టాలనే అన్నారు. ‘మీరు పోవద్దు’ అన్నది ఆయన మనసులో ఉన్న అర్థం. క్రిస్టియానియాకు మాత్రం అందులోని ‘గనుక’ ముందు భాగమే వినిపించింది: మరో ప్రభుత్వం ఏర్పడే వీలు లేదు. ప్రభుత్వాన్ని ఇవ్వలేని రాజు రాజుగా పనిచేయడం లేదు. రాజు పనిచేయకపోతే, రాజు ఒక్కడే ముడిగా ఉన్న యూనియన్‌కు ఆ ముడీ లేదు. పదకొండు రోజుల తర్వాత వచ్చిన పొడుగు వాక్యం ఈ తర్కమే.

చట్టపరంగా ఇది గట్టి వాదనేనా? నన్నడిగితే పలచటి వాదనే. ఒక మంత్రివర్గం దొరకలేదని రాజరికమే ఆగిపోయిందనడం లాయరు చూసే చూపు. స్వీడన్‌లో చాలామంది దీన్ని తిరుగుబాటు అన్నారు, వాళ్ల కోపం అన్యాయమని నేననను. కానీ ఆ వాదన ఒక పని చేసింది. ‘నిన్ను తరిమేశాం’ అనలేదు, ‘నువ్వు చేయలేకపోయావు’ అంది. వినడానికి బాధే అయినా కత్తి దూయడానికి అది కారణం కాదు. దానికితోడు అదే రోజు పార్లమెంటు రాజుకు మర్యాద నిండిన లేఖ పంపింది: మీ మీద మాకు ద్వేషం లేదు, మీ వంశం నుంచే ఒక రాజకుమారుణ్ని మాకు రాజుగా ఇవ్వండి అని. రాజు దాన్ని తీసుకురాబోయిన ప్రతినిధులను కలవడానికి కూడా ఒప్పుకోలేదు. ఐరోపా దాదాపు అంతా రాజుల చేతిలో ఉన్న రోజుల్లో, ఇది రాజుల మీద తిరుగుబాటు కాదని లండన్, బెర్లిన్, పీటర్స్‌బర్గ్‌లకు చెప్పడానికి ఆ లేఖ కన్నా మంచి దారి లేదు. జూన్ 9న క్రిస్టియానియాలోని ఆకెర్స్‌హుస్ కోట మీద యూనియన్ గుర్తున్న జెండా దించి, గుర్తు లేని జెండా ఎత్తారు.

స్వీడన్‌లో పార్లమెంటు ప్రత్యేకంగా సమావేశమైంది. జనాభాలో నార్వేకు రెట్టింపుకు పైన ఉన్న దేశం, బలమైన సైన్యం, అవమానపడిన రాజు. యుద్ధం రావడానికి కావలసినవన్నీ ఉన్నాయి. రాకపోవడానికి కారణం నార్వే తెలివి ఒక్కటే కాదు. స్వీడన్ కార్మిక సంఘాలు, సోషల్ డెమోక్రాట్లు యుద్ధం వద్దని గట్టిగా నిలబడ్డారు. ‘ఆయుధాలు దించండి’ అని కరపత్రం రాసిన యువకుడు సేత్ హోగ్లుండ్ జైలుకు పోయాడు. బలవంతంగా కట్టిపడేసిన పొరుగు దేశం వల్ల స్వీడన్‌కు లాభమేమిటని అక్కడి పాలకుల్లోనే కొందరికి అనిపించింది. నార్వే చరిత్ర చెప్పేవాళ్లు జూన్ 7 దగ్గర ఆగిపోతుంటారు. ఆ సంవత్సరంలో స్వీడన్ చూపిన నిగ్రహానికి దక్కాల్సినంత గౌరవం దక్కలేదని నాకనిపిస్తుంది.

స్వీడన్ మొదటి షరతు: ఇది పార్లమెంటు ఆడిన నాటకం కాదని, ప్రజలు నిజంగా కోరుకుంటున్నారని చూపించండి. ఆ షరతు అధికారికంగా చేతికి అందకముందే నార్వే ఆగస్టు 13న ప్రజాభిప్రాయ సేకరణ ప్రకటించేసింది, అడిగినందుకు చేసినట్టు ఉండకూడదని. ప్రశ్న మాటల్లోనూ ఆ అసమాపక క్రియే మళ్లీ కనిపిస్తుంది: జరిగిపోయిన యూనియన్ రద్దుతో ఏకీభవిస్తున్నారా లేదా? విడిపోదామా అని కాదు.

ఓటర్లలో దాదాపు 85 శాతం మంది వచ్చారు. అవును అన్నవాళ్లు 3,68,208. కాదు అన్నవాళ్లు 184.

అనుమానం పుట్టించే అంకెలివి. అయినా ఇవి నిజమైన ఎన్నిక అంకెలే. రద్దు జరిగిపోయింది, సరిహద్దు అవతల సైన్యం ఉంది, ప్రపంచం చూస్తోంది. అప్పుడు ‘కాదు’ అనడమంటే పాత బంధాన్ని కోరుకోవడం కాదు, సొంత ఇంటిని బయటివాళ్ల ముందు పలచన చేయడమని అందరికీ అనిపించింది. అంతకుముందు వరకు యూనియన్‌ను సమర్థించినవాళ్లు కూడా అందుకే అవునన్నారు. ఆ వాతావరణంలో ఒంటరిగా వెళ్లి కాదని చెప్పిన ఆ 184 మంది ఎవరో, ఏమనుకుని వెళ్లారో అని నాకు తరచూ తలపుకొస్తుంది.

ఆ లెక్కలో ఆడవాళ్లు లేరు. 1905లో నార్వే స్త్రీలకు జాతీయ ఓటు లేదు. వాళ్లు ఊరుకోలేదు. మహిళా ఓటు హక్కు సంఘాలు ఊరూరా తిరిగి రెండు వారాల వ్యవధిలో 2 లక్షల 40 వేలకు పైగా సంతకాలు సేకరించాయి. ఇప్పటిలా ఫోన్లు లేవు. ఎన్నో లోయల మధ్య, ఫియోర్డుల (కొండల మధ్యకు చొచ్చుకొచ్చిన సముద్రపు పాయల) ఒడ్డున, దీవుల మీద విసిరేసినట్టున్న ఇళ్లకు కాగితం, కలం పట్టుకుని పడవల మీద, కాలినడకన వెళ్లాలి. దేశం విషయంలో మమ్మల్ని అడగలేదు, అయినా మా మాట ఇది అని ఆ కాగితాల కట్టలు పార్లమెంటుకు చేరాయి. 1913లో పూర్తి ఓటు హక్కు వచ్చినప్పుడు ఈ సంతకాలను ఎవరూ మర్చిపోలేదు.

ఇక పంపకాలు. ఆగస్టు 31న స్వీడన్ పట్టణం కార్ల్‌స్టాడ్‌లో, ఫ్రీమేసన్లనే సోదర సంఘం భవనంలో రెండు వైపులా నలుగురు చొప్పున కూర్చున్నారు. నార్వే తరఫున మికెల్సన్, లోవ్‌లాన్, పార్లమెంటు అధ్యక్షుడు కార్ల్ బెర్నర్, బెంజమిన్ వోగ్త్. స్వీడన్ తరఫున కొత్త ప్రధాని క్రిస్టియన్ లుండెబెర్గ్‌తో పాటు వచ్చిన ముగ్గురిలో యాల్మార్ హామర్‌షోల్డ్ ఒకరు. ఆయనకు ఇంట్లో నెల నిండిన పసివాడున్నాడు, జులై 29న పుట్టాడు. ఐక్యరాజ్యసమితి ప్రధాన కార్యదర్శిగా ప్రపంచానికి తెలిసిన దాగ్ హామర్‌షోల్డ్ ఆ పిల్లవాడే.

స్వీడన్ పట్టు పట్టినది కోటల మీద. సరిహద్దు పొడవునా కొత్తగా కట్టిన కోటలను కూల్చాలి. 1895 అవమానం తర్వాత పైసా పైసా కూడబెట్టి కట్టుకున్న కోటలవి. నార్వేవాళ్ల గుండె ఎలా ఒప్పుకుంటుంది? సెప్టెంబరు 7న చర్చలు ఆగిపోయాయి. ఎవరింటికి వాళ్లు వెళ్లారు. 13న నార్వే సైన్యంలో కొంత భాగాన్ని సరిహద్దుకు పిలిచింది. అవతలి వైపు స్వీడన్ దళాలు అప్పటికే ఉన్నాయి. ఒక కుర్రాడి తుపాకీ పొరపాటున పేలినా ఏమయ్యేదో. అదే 13న ప్రతినిధులు మళ్లీ కార్ల్‌స్టాడ్‌లో కూర్చున్నారు, 23న ఒప్పందం కుదిరింది.

జూన్ 7 కన్నా సెప్టెంబరు 23 గొప్ప రోజని నేను గట్టిగా నమ్ముతాను. జూన్‌లో నార్వే మాటతో గెలిచింది. సెప్టెంబరులో ఇద్దరూ తమకు ప్రియమైనది కొంత వదులుకున్నారు. కొత్త కోటలు కూల్చడానికి నార్వే ఒప్పుకుంది. పాత చారిత్రక కోటలు కోంగ్స్‌వింగర్, ఫ్రెడ్రిక్స్‌టెన్ నిలిచాయి. వాటిని పెంచకూడదన్నది షరతు. 1718లో స్వీడన్ రాజు పన్నెండో చార్లెస్ ముట్టడి వేసి తుపాకీ గుండుకు చనిపోయినది ఆ ఫ్రెడ్రిక్స్‌టెన్ ముందే. అలాంటి కోటను ఉండనివ్వడానికి స్వీడన్‌కూ మనసు పెద్దది కావాల్సి వచ్చి ఉంటుంది. సరిహద్దుకు రెండు వైపులా సైన్యం లేని ప్రాంతం ఏర్పాటైంది. భవిష్యత్తు తగాదాలను మధ్యవర్తుల దగ్గరకు తీసుకెళ్లాలని రాసుకున్నారు. ఆ సైన్యం లేని ప్రాంతం 1993 వరకు కాగితం మీద అలాగే ఉంది.

ఒప్పందంలో ఇంకో భాగం ఉంది. ఎక్కువమంది చదవకుండా దాటేస్తారు. స్వీడన్ వైపు నుంచి వేసవిలో రెయిన్‌డీర్ మందలను నార్వే పచ్చికలకు తోలుకొచ్చే సామీలనే ఉత్తరాది ఆదివాసుల సంగతి. ఈ సరిహద్దు కన్నా వాళ్ల దారులు పాతవి. 1751లో సరిహద్దు గీసినప్పుడే, దాన్ని దాటి మేపుకునే హక్కును ప్రత్యేకంగా రాసిచ్చారు. కార్ల్‌స్టాడ్‌లో ఆ హక్కు రెండు ప్రభుత్వాల మధ్య బేరం అయింది. బల్ల దగ్గర ఎనిమిది మందిలో సామీ ఒక్కడూ లేడు. ఇద్దరి మధ్య పంపకాలు శాంతియుతంగా జరిగాయని మెచ్చుకుంటున్నప్పుడు, అసలు ఎవరినీ అడగని ఈ మూడోవాళ్లను మర్చిపోవడం తప్పు.

అక్టోబరులో రెండు పార్లమెంట్లూ ఒప్పందాన్ని ఆమోదించాయి. 26న రెండో ఆస్కార్ నార్వే సింహాసనాన్ని వదులుకున్నారు, తన కొడుకుల్లో ఎవరినీ పంపనని కూడా చెప్పేశారు.

మరి రాజు ఎవరు? అసలు రాజు ఎందుకు? గణతంత్రం కావాలన్నవాళ్లు తక్కువేమీ లేరు. ఆర్థిక మంత్రి గున్నార్ క్నుడ్‌సన్ ఈ విషయం మీదే మంత్రివర్గం నుంచి తప్పుకున్నారు. ప్రభుత్వం చూపు డెన్మార్క్ రాజకుమారుడు కార్ల్ మీద ఉంది. భార్య మాడ్ బ్రిటన్ రాజు ఏడో ఎడ్వర్డ్ కూతురు. కొడుకు ఉన్నాడు గనుక వారసత్వానికి బెంగ లేదు. ఇక కార్ల్ తల్లి, రెండో ఆస్కార్ అన్నకూతురు. వరసకు ఆస్కార్ తాత, కార్ల్ మనవడు. తాత వదిలిన కుర్చీ మీద మనవణ్ని కూర్చోబెడుతున్నారు. ఒప్పించే పనిలో ధ్రువయాత్రికుడు ఫ్రిట్యోఫ్ నాన్సెన్ కూడా పాలుపంచుకున్నారు.

కార్ల్ వెంటనే ఒప్పుకోలేదు. నార్వేలో గణతంత్రం కోరేవాళ్లున్నారని తెలుసు, ముందు ప్రజలను అడగండి అన్నాడు. ప్రభుత్వానికి ఇది ఇష్టం లేకపోయినా తప్పలేదు. నవంబరు 12, 13 తేదీల్లో ఓట్లు వేశారు. కార్ల్‌ను పిలవడానికి 2,59,563 మంది అవునన్నారు, 69,264 మంది కాదన్నారు. ఆగస్టు అంకెల పక్కన పెట్టి చూడండి. మూడు నెలల్లో 184 కాస్తా 69 వేలైంది. నాకు ఈ రెండో అంకెల మీదే గౌరవం ఎక్కువ. దేశం బయటికి ఒక్క గొంతుతో మాట్లాడి, ఇంట్లోకి వచ్చాక మళ్లీ తనలో తాను వాదించుకోవడం మొదలుపెట్టింది.

కార్ల్ పాత నార్వే రాజుల పేరు తీసుకుని ఏడో హాకోన్ అయ్యాడు. రెండేళ్ల కొడుకు అలెగ్జాండర్ పేరు ఓలావ్‌గా మారింది. నవంబరు 25న ఓడ ఫియోర్డులోకి వచ్చేసరికి మంచు కురుస్తోంది. ఓడ మీద మికెల్సన్ ఎదురొచ్చి స్వాగతం పలుకుతుంటే రాజు చేతుల్లో ఆ పసివాడు ఉన్నాడు. ఆ క్షణం ఫొటో ఇప్పటికీ నార్వే పిల్లల పుస్తకాల్లో కనిపిస్తుంది.

స్టాక్‌హోంలో నవంబరు 1నే స్వీడన్ కూడా తన జెండా మూల నుంచి యూనియన్ గుర్తును తీసేసింది. ముసలి రాజుకు మార్చుకోవాల్సింది ఇంకొకటి మిగిలింది. సింహాసనం ఎక్కినప్పుడు ఆయన ఎంచుకున్న నినాదం ‘సోదర ప్రజల క్షేమం’. రాజులు నినాదాన్ని మార్చుకోవడం అరుదు. 1905 తర్వాత రెండో ఆస్కార్ నినాదం ‘స్వీడన్ క్షేమం’.